ఉప్పుకల్లు స్వీయకథ

పూర్వము నేను సముద్రజలమున నిరాకారముగ నుంటిని. చినగంజాము తీరపు ఉప్పుమళ్ళలో ఎండకు నీరు చిక్కబడగా కల్లుప్పునై, బస్తాలకెక్కి, అంగళ్ళు దాటి, ఒక గృహిణి వంటయింటి జాడీని చేరితిని. ఇప్పటి నా స్వచ్ఛమైన రూపము మాత్రము ఆ యింటి బాలిక చేతులలో, వేసవి సెలవులలో లభించినది.

ఆమె వేడినీట ఉప్పును ఇక కరుగదన్నంతవరకు కలిపి, మట్టి అడుగునకు దిగిన పిదప పైతేటను పాతచీర గుడ్డతో వడగట్టి చల్లార్చి గాజుగ్లాసున పోసి, పళ్ళెమున ఆరనిచ్చిన కొద్దిపాటి తేటలో చిన్న చదరపు పలుకుగా రూపుగట్టిన నాకు సన్నని దారము చుట్టి, ఆ దారమును పుల్లకు ముడివైచి గ్లాసులోనికి వ్రేలాడదీసెను. నూరు గ్రాముల నీట సుమారు 36 గ్రాముల ఉప్పు కరగును. నీటిని మరగించినను ఆ సంఖ్య 39 దాపునకు మాత్రమే చేరును. కావున వేడి ద్రావణము చల్లారినంతనే పటిక పెరుగునట్లు మేము పెరుగము. నీరు ఆవిరియై పోవుటయే మాకు పోషణము.

“అమ్మమ్మా, ఎండలో పెడితే తొందరగా పెరుగుతుంది కదూ?” అని బాలిక యడిగెను.

“వద్దే తల్లీ! ఉప్పుమళ్ళలో చూడలేదూ, ఎండకు పైన మీగడలా తెట్టు కడుతుంది” అని ఆ వృద్ధురాలు గ్లాసును తీసి, కాగితము కప్పి, గాలి తగలని గూటిలో నుంచెను.

ఆమె మాట శాస్త్రసమ్మతము. నీరు త్వరగా ఇగిరినచో అయానులు నడిమికి చేరకమునుపే అంచులను, మూలలను పట్టుకొనును. అంచులు లేచి, ముఖమధ్యము మెట్లుమెట్లుగా గుంటపడి, ఆ గుంటలలో ఉప్పునీరు చిక్కి స్ఫటికము తెల్లగా మసకబారును. గ్లాసు అంచుననే పుట్టిన నా తోబుట్టువుల గతి యదియే. నాకు తీరిక లభించినది. ప్రతి అయానును తన చోటు వెదకికొని కూర్చున్నది. అందువలన నా ఆవలనున్న అక్షరములు నాలోనుండి చదువవచ్చును.

మా ఆకారము పరిసరములకు లోబడినదే. ద్రావణమున యూరియా కలిసినచో మేము ఘనాకృతిని వదలి ఎనిమిది ముఖములు దాల్తుమని 1783లోనే రోమె దెలీల్ అను ఫ్రెంచి పండితుడు గుర్తించెను. ఇక గాలిలో తేమ 75 శాతము మించెనా, మేము నీరు పీల్చి కరగనారంభింతుము. సముద్రపుటుప్పున నుండు మెగ్నీషియం క్లోరైడు అంతకంటె ముందే చెమ్మగిల్లును. శ్రావణమాసము రాకమునుపే బాలిక నన్ను బిగువైన మూతగల సీసాలో భద్రపరచెను.

నా యంతరంగమును లోకమునకు తొలుత చూపినవాడు లారెన్స్ బ్రాగ్. 1913లో ఎక్స్ కిరణముల సాయమున అతడు కనుగొన్నది యేమనగా, నాలో ప్రతి సోడియం చుట్టు ఆరు క్లోరిన్లును, ప్రతి క్లోరిన్ చుట్టు ఆరు సోడియములును గలవు. ఎవరికెవరు జత యని విడదీయుటకు వీలులేదు. 1915లో తండ్రితో కలిసి నోబెల్ బహుమానము నందుకొనునాటికి అతని వయస్సు ఇరువదియైదేండ్లు. ఈ చదరంగపు గళ్ళ యమరికను సహింపలేక ఆర్మ్‌స్ట్రాంగ్ అను వృద్ధ రసాయనవేత్త 1927లో ‘నేచర్’ పత్రికయందు తీవ్రముగ ఆక్షేపించెను. ఆయన ఆవేదన నాకు బోధపడును. జంటలను నమ్మి జీవితమంతయు గడిపిన పండితుడు గదా! అయినను సాక్ష్యము నా దేహమే: ఇందు ఎంత వెదకినను ఒక సోడియమునకు తనదే యైన క్లోరిన్ దొరకదు.