కవర్ చేయాలి: టీకా తాత్పర్య సహితము

మూలము: "9.40 ప్యాలెస్, లైబ్రరీ - కవర్ చేయాలి. 11.20 కాఫీ - మస్ట్ ట్రై. 11.45 తిరువయ్యారు - క్విక్ విజిట్. 1.15 పెద్ద గుడి - ఫొటోలు. టైమ్ ఉంటే లంచ్."

అవతారిక: కావ్యం ఆశీస్సుతోనో, నమస్కారంతోనో, వస్తునిర్దేశంతోనో మొదలు కావాలని ఆలంకారికుల మతం. మా తోడల్లుడు రాత్రి పదకొండున్నరకు వాట్సాప్‌లో వెలువరించిన ఈ తంజావూరు ప్రోగ్రాం "ఆల్ ప్లీజ్ నోట్" అని మొదలవుతుంది. ఇది నాలుగో విధం. గ్రంథకర్త మితభాషి, సెలవుల్లో కూడా మేనేజరు. రెండు కుటుంబాలు, ఏడుగురం, ఒక వ్యాను, ఒక్క పగలు.

మూలంలో లేనిది రాయననీ, అక్కర్లేనిది చెప్పననీ మల్లినాథసూరి ప్రతిజ్ఞ పట్టాడు. ఆయన మన మెదక్ సీమవాడే. అయినా ఆ ప్రతిజ్ఞ నావల్ల కాదు. మూలంలో ఉన్నంతే రాస్తే ఈ వ్యాఖ్య బస్సు టికెట్టు వెనక పడుతుంది.

ప్రతిపదార్థము: 9.40 = తొమ్మిది గంటల నలభై నిమిషములకు; (తొమ్మిదిముప్పావు అనకుండుటచే కర్తయొక్క సూక్ష్మదృష్టి వ్యక్తము). ప్యాలెస్ = స్పష్టము. లైబ్రరీ = స్పష్టము. (కష్టమైన చోట 'స్పష్టము' అని దాటేయడం వ్యాఖ్యాతల కులధర్మం.) కవర్ చేయాలి =

ఇక్కడ ఆగాలి. కవరు నానార్థ పదము. ఉత్తరం పెట్టేది ఒకటి. కూరల కొట్లో అడిగేది ఒకటి. కవరింగు అనగా బంగారం కాని బంగారం. కవర్ చేసుకొనుట అనగా నోరు జారినవాడు నవ్వేసి మాట మార్చుట. అన్నింటికీ ధాత్వర్థం కప్పుటయే. శంక: ఊరు చూడబోయినవాడు ఊరిని కప్పి వచ్చుట ఎట్లు పొసగును?

సమాధానం: పొసగును. దృష్టాంతం ఆ ఊళ్లోనే ఉంది. రాజరాజ చోళుడు 1010లో పూర్తిచేసిన పెద్ద గుడిలో, గర్భగుడి చుట్టూ ఉన్న చీకటి నడవ గోడలమీద చోళులు బొమ్మలు వేయించారు. ఆ తర్వాత మన నాయకరాజుల కాలంలో వాటిమీదే మరో పూత పూసి కొత్త బొమ్మలు వేశారు. అడుగున పాతవి ఉన్నాయని 1931లో ఎస్.కె. గోవిందస్వామి కనిపెట్టేదాకా లోకానికి తెలీదు. తంజావూరును శాస్త్రోక్తంగా కవర్ చేసినవారు ఆ నాయకరాజులొక్కరే. వారు గోడలకే సరిపెట్టుకున్నారు. మా తోడల్లుడు ఊరంతటికీ పూత వేయించాడు.

ఆయన 'లైబ్రరీ' అన్నది సరస్వతీ మహల్. నాయకరాజుల పుస్తక భాండారాన్ని మరాఠా రాజు రెండో శరభోజి పెంచి పెద్దచేశాడు. అద్దాల పెట్టెలో ఒక తాటాకు. రెండు బెజ్జాలు, ఘంటపు గీతల్లో మసి, పదానికీ పదానికీ మధ్య ఎడం లేని తెలుగు. వంగి, కళ్లజోడు నుదుటికెక్కించి, కూడబలుక్కుంటూ అర పంక్తి దాకా వచ్చాను. ఆ అక్షరం వకారమో పకారమో తేలేలోపల భుజంమీద చెయ్యి పడింది. "పుస్తకాలే కదా అన్నయ్యా, ఫొటో తీసుకో. ఇంటికెళ్లి చదువుకోవచ్చు." ఫొటోలు తీయకూడదని గోడమీద రాసి ఉంది. ఆ అక్షరం ఏదో నాకు ఇప్పటికీ తెలియదు.

మస్ట్ ట్రై = విధివాక్యము. ఇది నిత్యమా, నైమిత్తికమా, కామ్యమా? సంధ్యావందనంలా మానితే ప్రత్యవాయం ఉన్నట్టుంది గనుక నిత్యమనియే సిద్ధాంతము. కానీ కాఫీ డబరాలోంచి గ్లాసులోకి, గ్లాసులోంచి డబరాలోకి నాలుగుసార్లు దూకితే తప్ప పెదవికి ఆనదు. పట్టికలో దూకడానికి టైమ్ లేదు. విధి నెరవేరింది, నాలుక కాలింది.

క్విక్ విజిట్ = త్యాగరాజస్వామి సమాధికి కేటాయించిన పదిహేను నిమిషాలు. సమాధికి ఎదురుగా ఒక స్త్రీ విగ్రహం కూర్చుని ఉంటుంది. మావాళ్లు దానికి వీపు పెట్టి గ్రూప్ ఫొటో దిగారు. ఆవిడ బెంగళూరు నాగరత్నమ్మ. స్వామి 1847లో పోయారు. కావేరి ఒడ్డున పాడుబడి ఉన్న సమాధికి గుడి కట్టించింది ఆవిడే. ఆడవాళ్లను ఆరాధనలో పాడనివ్వకపోతే విడిగా ఆడవాళ్ల జట్టు కట్టి పాడించింది.

అంతకుముందు 1910లో ఆవిడ ఇంకో పని చేసింది. తంజావూరులో ప్రతాపసింహుడి ఆస్థానంలో కవయిత్రి ముద్దుపళని రాసిన రాధికాసాంత్వనం పాత అచ్చులో పద్యాలు ఎగిరిపోయి ఉంటే, పూర్తి పాఠం సంపాదించి మళ్లీ అచ్చువేయించింది. పెద్దమనుషులు బూతని గగ్గోలు పెట్టారు, సర్కారు నిషేధించింది. కవర్ చేసింది అన్నమాట! ఆ నిషేధం తొలగడానికి టంగుటూరి ప్రకాశం రావాల్సి వచ్చింది. రాజు మరాఠీవాడు, ఊరు తమిళం, కావ్యం తెలుగు, దాన్ని బతికించినావిడ కన్నడదేశం నుంచి వచ్చింది. మేలట్టూరు అక్కడికి దగ్గర్లోనే ఉంది. అక్కడి భాగవతులు ఇప్పటికీ నరసింహ జయంతికి తెలుగులో ప్రహ్లాద చరిత్ర ఆడతారు. 'ఆ ఊరు చూద్దామా' అంటే మా తోడల్లుడు ఫోనులో వెతికి, "దానికి రేటింగ్ లేదు" అన్నాడు.

ఏమిటి చెబుతున్నాను? పెద్ద గుడి.

1.15 = మిట్టమధ్యాహ్నము. తమిళదేశంలో దేవుడు కూడా భోంచేసి పడుకుంటాడనీ, సాయంత్రం నాలుగు దాకా గర్భగుడి తెరవరనీ పట్టిక గీసినవారికి తెలియదు. తలుపు మూసి ఉంది. ఫిబ్రవరి ఎండకే బండలు అట్లపెనంలా ఉన్నాయి. మా అత్తగారు ఒక కాలు ఎత్తి ఒక కాలు దించుతూ, "ఎవడు నాయనా ఈ టైము పెట్టింది?" అన్నారు. కర్త కవర్ చేసుకోబోయి, "విమానం చూడండత్తయ్యా, దాని నీడ నేలమీద పడదట!" అన్నాడు. గుడికి ఉత్తరపక్కన, ఆ విమానం నీడలోనే, కాళ్లు కాలకుండా నిలబడి అన్నాడు.

టైమ్ ఉంటే లంచ్ = 'ఉంటే' అనునది చేదర్థకము. టైమ్ లేకుండెను.

తిరువయ్యారులో ఎవరో చెబితే అశోకా హల్వా కట్టించాం. పెసరపప్పు, పంచదార, దండిగా నెయ్యి. ఆకులో వేడిగా తినాల్సింది. పట్టికలో లేదు గనుక పార్సిల్. మూడుంబావుకు వ్యానులో, కడుపు కాలి, ఒళ్లో పెట్టుకుని విప్పాను. అడుగుకు నెయ్యి దిగింది, పంచెమీద చారలు కట్టింది. అయినా ఆ రోజు మొత్తంలో నేను తొందరపడకుండా చేసిన పని ఆ హల్వా తినడం ఒక్కటే. మూడో ముద్ద నోట్లో ఉండగా ముందు సీట్లోంచి వినపడింది:

"అన్నయ్యా, సీటుమీద కారుతోంది. కింద ఇంకో కవరు పెట్టు."