అద్దె డాలర్లలో, టికెట్టు రూపాయల్లో

హైదరాబాద్ శివారు సూరారం పక్కనే దుండిగల్‌లో ఎగిరే విమానాలకు లాభనష్టాల చింత లేదు. ఎయిర్‌ఫోర్స్ అకాడమీ శిక్షణ విమానాలవి. ఇంధనం సర్కారుది, టికెట్టు ఊసే లేదు. మన దగ్గర చౌక విమానం నిలబడాలంటే ఇలాగే వెనకాల ఎవరో ఒకరు బిల్లు కట్టాలని విజయవాడ వారి ఎయిర్ కోస్టా మూడున్నరేళ్లలో తేల్చేసి తప్పుకుంది. ఎల్‌ఈపీఎల్ గ్రూపు దాన్ని 2013 అక్టోబరులో మొదలుపెట్టింది. విజయవాడ, తిరుపతి, విశాఖ లాంటి ఊళ్లకు చిన్న ఎంబ్రాయర్ జెట్లు. ఆలోచనను తప్పు పట్టలేం. అయితే రెక్కలు ఆరకముందే, 2014 ఫిబ్రవరిలో సింగపూర్ ఎయిర్‌షోలో యాభై కొత్త జెట్లకు ఆర్డరిచ్చారు. జాబితా ధర 294 కోట్ల డాలర్లు! చేతిలో ఉన్నవి మాత్రం అద్దెవి, అవీ వేళ్ల మీద లెక్కపెట్టేన్ని.

ఇండిగో కూడా ఒక్క విమానమైనా ఎగరేయకముందే, 2005లో, వంద ఎయిర్‌బస్‌లు అడగలేదా అంటారు. అడిగింది. కానీ అది 180 సీట్ల ఒకే రకం విమానాన్ని రద్దీ రూట్లలో తిప్పింది. కోస్టాకు 67 సీట్ల ఈ-170, 112 సీట్ల ఈ-190. సీట్లు ఎన్నయినా కాక్‌పిట్‌లో పైలట్లు ఇద్దరుండాల్సిందే. ఉన్న నాలుగు విమానాల్లో ఒకటి మూలపడితే టైంటేబులంతా గల్లంతే. 2016 ఆగస్టులో అద్దె పేచీతో ఒకసారి ఆగి, 2017 ఫిబ్రవరి ఆఖర్న పూర్తిగా ఆగింది. ప్రయాణికుడికి మిగిలిన డబ్బు భారాన్ని అద్దె రాని విమాన యజమానీ, జీతం అందని ఉద్యోగీ మోశారన్నమాట. దాతల పేర్లు టికెట్టు మీద అచ్చేయలేదు, అంతే.

పల్లెకూ పట్నానికీ మధ్య విమానం అక్కర్లేదా అని కొందరికి కోపం రావచ్చు. కావాలి. ఆ మాట కేంద్రమూ ఒప్పుకుంది, కానీ దాని పథకం విమానాలు ఎగిరింది కోస్టా ఆగిన రెండు నెలలకు! 2017 ఏప్రిల్ 27న ప్రధాని జెండా ఊపిన ఆ ఉడాన్ పథకం విమానాల్లో హైదరాబాద్ ట్రూజెట్ వారి కడప సర్వీసు ఒకటి. అప్పట్లో గంట ప్రయాణానికి 2500 రూపాయలు, కొన్ని సీట్లకే. లోటు పూడ్చడానికి మూడేళ్ల సాయం, అందుకు పెద్ద రూట్ల విమానాలపై లెవీ. కనీసం ఇక్కడ దాత ఎవరో తెలిసింది. ఆ ట్రూజెట్ కూడా 2022 ఫిబ్రవరిలో ఆగిపోయింది. కరోనా దెబ్బ అంటే కాదనను; మూలధనం దండిగా ఉన్నవాళ్లు ఆ దెబ్బను తట్టుకున్నారు మరి. ఇక సూరారం నుంచి శంషాబాద్ విమానాశ్రయానికి ఔటర్ రింగ్ రోడ్డు చుట్టి వెళ్లే క్యాబ్ కిరాయికి ఏ ఉడానూ సాయం చేయదు. 2008లో బేగంపేట పాత విమానాశ్రయంలో ప్రయాణికుల విమానాలు ఆపేసిన రోజే ఆ ఖర్చు మన పద్దులో రాసేశారు.