మా రోజుల్లో కంప్యూటర్ పేరు పెట్టి చెప్పేది

మా రోజుల్లో కంప్యూటర్‌కు జబ్బు చేస్తే ఫలానా డీఎల్ఎల్ ఫైలు దొరకడం లేదని పేరు పెట్టి మరీ చెప్పేది. ఆ తర్వాతి విండోస్‌లలో నీలం తెర మీద ఒక ఏడుపు మొహం, కింద ‘సమస్య వచ్చింది’ అన్న మాట వచ్చాయి. సమస్య వచ్చిందని మాకూ తెలుసు. ఎక్కడొచ్చిందో చెప్పాలి కదా!

విండోస్ ఎక్స్‌పీ కాలంలో ములకలపల్లి సెంటర్లో జిరాక్సు, డీటీపీ, ఇంటర్నెట్ అన్నీ ఒకే గదిలో నడిపినవాణ్ణి. అప్పుడు మాది ఖమ్మం జిల్లా, 2016లో భద్రాద్రి కొత్తగూడెం అయింది. కుల ధ్రువపత్రం దరఖాస్తులు, పోడు భూముల అర్జీలు, పిల్లల హాల్‌టికెట్లు, అన్నీ మా దగ్గరికే వచ్చేవి. గూడేల నుంచి నడిచొచ్చినవాళ్లు పొద్దుటి నుంచీ బెంచీ మీద కూర్చునేవాళ్లు. ‘మిషన్ పాడైంది, రేపు రాండి’ అంటే వాళ్లకో రోజు కూలి పోయినట్టే. సీపీయూ మోసుకుని పాల్వంచ బస్సెక్కే తీరిక మాకుండేది కాదు. అక్కడికక్కడే లేపాలి.

లేపడం వచ్చు కూడా. డీఎల్ఎల్ అంటే ఊరుమ్మడి బావి. ప్రతి ప్రోగ్రామూ పెరట్లో తన బావి తాను తవ్వుకోకుండా, విండో గీయడానికైనా నెట్‌తో మాట్లాడటానికైనా ఆ ఒక్క ఫైల్లోంచే తోడుకుంటుంది. అది పోతే పదిమంది పని ఆగుతుంది. అందుకే పక్క మిషన్ సిస్టమ్32 ఫోల్డర్‌లోంచి అదే వెర్షన్ ఫైలు పెన్‌డ్రైవ్‌లో తెచ్చి పెట్టి, అవసరమైతే రెగ్‌ఎస్‌వీఆర్32 కమాండ్ కొట్టేవాళ్లం. వెర్షన్ చూడకుండా పెట్టినవాడి పాట్లు వాడివి.

యాంటీవైరస్‌ల సంగతి మరీ ముఖ్యం. వైరస్ వెతికే ఇంజినూ డీఎల్ఎల్లే, రైట్ క్లిక్ చేస్తే మెనూలో ‘స్కాన్’ అని చూపించేదీ డీఎల్ఎల్లే. కొన్నైతే వచ్చే పోయే మెయిళ్లు చూడటానికి నెట్ మాటలు సాగే విన్‌సాక్ వరుసలో తమ డీఎల్ఎల్‌ను దూర్చేవి. ఆ యాంటీవైరస్‌ను సరిగా తీయకపోతే వరుస తెగేది. డయలప్ కలుస్తుంది, ఒక్క పేజీ తెరుచుకోదు. ఫోన్ లైన్ పాడైందని జనం లైన్‌మన్ మీద పడేవాళ్లు! 2004లో సర్వీస్ ప్యాక్ 2 వచ్చాక ‘నెట్‌ఎస్‌హెచ్ విన్‌సాక్ రీసెట్’ అని ఒక్క కమాండ్ కొట్టి, మిషన్ ఆపి పెడితే సరిపోయేది. ఆ కమాండ్ ఎందరికి నేర్పానో.

కాపలా కాయాల్సిందే కరవడం అప్పుడూ ఉంది. 2007 మే నెలలో సిమాంటెక్ యాంటీవైరస్ చైనాలో ఎక్స్‌పీ సొంత ఫైళ్లయిన నెట్‌ఏపీఐ32, ఎల్‌ఎస్‌ఏఎస్‌ఆర్‌వీ డీఎల్ఎల్‌లను దొంగలనుకుని పక్కకు తోసేసింది. మరుసటి ఏడాది నవంబరులో ఏవీజీ యూజర్32.డీఎల్ఎల్‌కే ఆ గతి పట్టించింది. కొన్ని యూరప్ భాషల ఎక్స్‌పీ మిషన్లు లేవలేదు. అయినా మందు చేతిలో ఉండేది. ఎక్స్‌పీ సీడీలో ఐ386 ఫోల్డర్, అందులో పేరు చివర అండర్‌స్కోర్‌తో అదే ఫైలు కుదించి ఉండేది. రికవరీ కన్సోల్‌లోకి వెళ్లి విప్పి పెట్టడమే. ఆ సీడీని మేం బీరువాలో దాచేవాళ్లం.

ఇప్పుడు షాపుల్లో కుర్రాళ్లకు ఒక్కటే మందు: ‘ఫార్మాట్ కొట్టేద్దాం బాబాయ్.’ ఎవరి అర్జీలు పోయాయి, ఎవరి ఫొటోలు పోయాయి, పట్టదు. ఈవెంట్ వ్యూయర్ తెరిస్తే ఏ ప్రోగ్రామ్ ఏ మాడ్యూల్ దగ్గర పడిపోయిందో విండోస్ ఇప్పటికీ రాసిపెడుతోంది. తెరిచి చూసే ఓపికే లేదు. చూస్తే డీఎల్ఎల్ పేరు పట్టుకుని ఇంటర్నెట్‌లో ఏ సైటు ఇస్తే ఆ సైటు నుంచి దించేస్తారు. అది ఇంకా ప్రమాదం.

ప్రమాదాలు పెరిగాయి, కాదనను. 2008లో వచ్చిన కాన్‌ఫికర్ అనే పురుగు (వర్మ్) తానే ఒక డీఎల్ఎల్ రూపంలో పెన్‌డ్రైవ్‌లెక్కి తిరిగింది. ఈమధ్య దొంగలు అసలైన యాంటీవైరస్ ప్రోగ్రామ్ పక్కనే, అది వెతికే డీఎల్ఎల్ పేరుతో నకిలీది పెట్టి, దాని చేతే నడిపిస్తున్నారు. కాబట్టి కంపెనీలు తమ ఫైళ్లను ఎవరినీ ముట్టుకోనివ్వకపోవడం తప్పనను. నా మిషన్‌లో ఏ ఫైలు వల్ల పని ఆగిందో తెర మీద నాకే చెప్పకపోవడం మీదే నా పోట్లాట.

2024 జులై 19 చూడండి. క్రౌడ్‌స్ట్రైక్ రక్షణ సాఫ్ట్‌వేర్‌కు వచ్చిన ఒక్క అప్‌డేట్ ఫైలుతో ప్రపంచంలో దాదాపు 85 లక్షల విండోస్ మిషన్లు కూలిపోయాయి. అది డీఎల్ఎల్ కాదు, డ్రైవర్ చదువుకునే సమాచారపు ఫైలు. డ్రైవర్ దగ్గర 20 విలువలుంటే 21వ దాన్ని చదవబోయి పడింది. శంషాబాద్ విమానాశ్రయంలో బోర్డింగ్ పాసులు చేత్తో రాసిచ్చారు. మరి మందేమిటి? సేఫ్ మోడ్‌లోకి వెళ్లి, డ్రైవర్ల ఫోల్డర్‌లోని క్రౌడ్‌స్ట్రైక్ ఫోల్డర్‌లో సీ-00000291తో మొదలయ్యే ఫైలును తీసేసి, మళ్లీ ఆన్ చేయడం. చాలాచోట్ల ఒక్కో మిషన్ ముందూ మనిషి కూర్చుని చేయాల్సి వచ్చింది. మా గదిలో మేం చేసిన పని అదే. ఆ పని తెలిసిన మనిషి ప్రతి మండలంలో ఒకడైనా ఉండాలి. ఐటీఐలోనో కాలేజీలోనో కంప్యూటర్ క్లాసు పెట్టేవాళ్లు ఎక్సెల్‌కు ముందు ఒక పాడైన మిషన్ ఇచ్చి, ఫార్మాట్ కొట్టకుండా లేపమనాలి.