మూడు బతుకుల చీర

ఇప్పుడు ఒక్క పాటకి హీరోయిన్‌కి ఆరు డ్రెస్సులు మారుస్తున్నారు. వెనక గ్రూపు డాన్సర్లు నలభై మంది ఉంటే, వాళ్లకీ అన్నిసార్లూ మార్చాలి. మా రోజుల్లో రెండో చీర అడిగితేనే నిర్మాత కాస్ట్యూమ్స్ గదిలోకొచ్చి, స్టూలు లాక్కుని కూర్చుని, లెక్క చెప్పమనేవాడు.

నేను మద్రాసు కోడంబాకంలో అద్దకం నేర్చుకున్నవాణ్ణి. సినిమా పరిశ్రమ హైదరాబాదుకి తరలినప్పుడు మూటాముల్లే సర్దుకుని దాని వెనకే వచ్చాను. 1976లో అన్నపూర్ణ స్టూడియోస్ తెరిచేనాటికి అక్కడి కొండంతా బండలూ తుప్పలే. తర్వాత షేక్‌పేటలో ఇల్లు చూసుకున్నాను. కుతుబ్‌షాహీల కాలంనాటి సరాయి ఉన్న ఊరు, బాటసారులు ఆగిన చోటు. నేనూ ఆగిపోయాను.

మా గదిలో ఒక చీరకి మూడు బతుకులుండేవి. తెల్లగా వచ్చిన వాయిల్‌ని మొదట లేత పసుపులో ముంచేవాళ్లం. ఆ షెడ్యూలు అయిపోతే అదే చీర ఎరుపెక్కి డాన్సర్ల ఒంటి మీదికి పోయేది. చివరికి నల్లరంగు పోసుకుని, చింపి కుట్టించుకుని, విలన్ మనుషుల తలపాగాలయ్యేది. లేతరంగు మీద ముదురు ఎక్కుతుంది గానీ ముదురు మీద లేత ఎక్కదు. ఈ వరస మాకు కంఠతా. గంగాళంలో రంగు మిగిలితే పారబోసేవాళ్లం కాదు. దాంట్లోనే ఇంకో నాలుగు గుడ్డలు వేసి, నీళ్లలో రంగు పలచబడేదాకా లాగేవాళ్లం. పర్యావరణం మీద ప్రేమతో కాదులెండి, రంగు పొట్లం ఖరీదుకి భయపడి.

అంతకు ముందు, నలుపు తెలుపు సినిమాల కాలంలో, తెల్ల పంచె కెమెరా ముందు భగ్గున మెరిసేది. టీ డికాషన్‌లో ముంచి ఆరేస్తే సరిపోయేది. 1957 నాటి ‘మాయాబజార్’కి 2010లో కంప్యూటర్‌తో రంగులేశారు కదా. అన్ని పట్టుచీరలకీ, అన్ని నగలకీ రంగొచ్చింది, ఏ కాలవలోనూ ఒక్క చుక్క కలవలేదు. ఆ సంగతి మళ్లీ చెబుతాను.

అలాగని మా రోజుల్లో అంతా గంగాజలమేమీ కాదు. పొట్లాల్లో వచ్చిన రంగుల్లో బెంజిడిన్ జాతి విషం ఉండేది, మేం వట్టి చేతులతో కలిపాం. అలాంటి రంగుల మీద జర్మనీ వాడు కళ్లెర్రజేసిన తర్వాత గానీ మనవాళ్లకి పూర్తిగా తెలివి రాలేదు. 1997 నాటికి కేంద్రం మొత్తం 112 అజో రంగుల్ని నిషేధించింది. అది కొత్తకాలం చేసిన మంచే, కాదనను. పెడన కలంకారీ వాళ్లు కరక్కాయ, పటిక, బెల్లం వేసి ఊరబెట్టిన ఇనప తుప్పుతో పని నడిపారు. అయినా గుడ్డ ఉతకడానికి వాళ్లకీ పారే కాలవే కావాల్సొచ్చింది.

నా గొడవ ఉప్పుతో. ఇప్పుడు నూలు గుడ్డకి ఎక్కువగా వేసేవి రియాక్టివ్ రంగులు. అవి పట్టాలంటే తొట్టిలో గుప్పెళ్లు కాదు, బస్తాలకి బస్తాలు ఉప్పు పోయాలి. పోసినా రంగంతా గుడ్డకి అంటదు. కొంత నీళ్లలోనే చచ్చిపోతుంది. అంటని రంగు వదిలేదాకా మళ్లీ మళ్లీ జాడించాలి. ఆ మురికి నీటి రంగు విరగ్గొట్టడానికి మందులున్నాయి, మిగతా మురికిని తినడానికి సూక్ష్మజీవులున్నాయి. ఉప్పుని మాత్రం ఏ పురుగూ తినదు. తమిళనాడులోని తిరుప్పూరు కథ అదే, అద్దకాల ఉప్పునీళ్లు నదిలో కలిశాయి. నొయ్యల్ నది మీద ఒరత్తుపాళయం డ్యాం కట్టింది సాగు కోసం. చివరికి దిగువ రైతులే ఆ నీళ్లు వదలొద్దు మహాప్రభో అన్నారు. 2011 జనవరిలో మద్రాసు హైకోర్టు 700కు పైగా అద్దకం యూనిట్లు మూయించింది. 1974లోనే నీటి కాలుష్య చట్టం వచ్చింది. మూయించడానికి ముప్పై ఏడేళ్లు!

“ఇప్పుడు అక్కడ జీరో డిశ్చార్జ్ కదా బాబాయ్” అన్నాడు మా వీధిలో ఉండే కాస్ట్యూమ్ అసిస్టెంట్ కుర్రాడు. ఔను నాయనా. ఆర్‌ఓలో వడగట్టి, మిగిలింది మరగబెట్టి, నీళ్లూ ఉప్పూ మళ్లీ వాడుకుంటున్నారు. మెచ్చుకోవాల్సిందే. కానీ ఆ మరగబెట్టడానికి కట్టెలో, కరెంటో ఎవరో కాల్చాలి. అంతా కలిపి గడ్డకట్టిన ఉప్పుమడ్డిని ఎక్కడో దాచాలి. పెద్ద మిల్లు ఆ ఖర్చు భరిస్తుంది. పోచంపల్లిలో నూలుకి రబ్బరు ట్యూబు ముక్కలు కట్టి, పెరట్లో రంగు కాచుకునే మనిషి ఎక్కణ్ణించి తెస్తాడు? పదిమందికీ కలిపి ఒక శుద్ధి కేంద్రం కట్టి, నడిపే ఖర్చు కూడా సర్కారే పెట్టుకోవాలి. కట్టిన రోజు కొబ్బరికాయ కొట్టడం అందరికీ వచ్చు.

మా రోజుల్లో ఎర్రనీళ్లు వీధి కాలవలో పారితే పక్కింటావిడ చీపురు పట్టుకుని వచ్చేది, “ఏం కోశారయ్యా” అని. తలొంచుకుని రెండు బిందెల నీళ్లు పోసేవాళ్లం. ఇప్పుడు షేక్‌పేట నాలా ఎప్పుడూ నల్లగానే ఉంటుంది. అందులో ఎవడేం పోశాడో ఎవరికి తెలుస్తుంది? పైగా గుడ్డ అద్దేదొక ఊళ్లో, కుట్టేదింకో ఊళ్లో, కట్టేది జూబ్లీహిల్స్‌లో. చీపురు పట్టుకుని ఎవరింటికని వెళ్లాలి?

అసలు ఒళ్లుమండేది షేడ్ల దగ్గర. ఒకే మెరూన్‌లో ఎనిమిది షేడ్లు అద్దించి తెమ్మంటారు. ఏడు మూలన పడతాయి. నెగ్గిన ఎనిమిదోదాన్ని షూట్ చేశాక, సినిమాకి చివరి రంగులు దిద్దే డీఐ గదిలో కలరిస్టు నాలుగు మీటలు తిప్పి దాన్ని ఇటుకరంగు చేస్తాడు. మాయాబజార్ ముచ్చట ఇందుకే చెప్పింది. కంప్యూటర్‌లో రంగు మార్చగలిగినప్పుడు, ముందే ఆ కలరిస్టుని కూర్చోబెట్టి ఏ రంగు నిలుస్తుందో తేల్చుకుంటే ఏడు తొట్ల నీళ్లు మిగులుతాయి. శుద్ధి చేయడానికి అసలు మురికే పుట్టదు.

మొన్న కుర్రాడికి ఇదే చెప్పాను. శ్రద్ధగా తలూపాడు. “నిజమే గానీ డైరెక్టర్ గారు ఒప్పుకోరు బాబాయ్” అని, చేతిలో గుడ్డముక్క చూపించాడు. ఆయనకి ఇంకో మూడు షేడ్లు కావాలట. రేపు పొద్దుటికల్లా.