గీసి గీసి బేరం

ఫ్లోరెన్స్ నగరంలో ఆన్యోలో డోని అనే ఉన్ని వర్తకుడు ఉండేవాడు. కలిగినవాడు. బొమ్మలంటే చెవి కోసుకుంటాడు. తన బొమ్మా, భార్య బొమ్మా చిత్రకారుడు రఫేల్ చేత వేయించుకున్న మనిషి. కానీ సంచి మూతి విప్పాలంటే మాత్రం ఎక్కడలేని పొదుపూ గుర్తుకొచ్చేది.

1506 ప్రాంతంలో ఈయన మేరీమాత బొమ్మ ఒకటి వేసిపెట్టమని మైకెలాంజెలోను అడిగాడు. అప్పటికి రెండేళ్ల కిందటే ఆయన చెక్కిన 'డేవిడ్' విగ్రహం నగరం నడిబొడ్డున నిలబడింది. ఊరంతా ఆ శిల్పి పేరే. ఉలి పట్టిన చేతికి కుంచె అంతగా నచ్చదు. అయినా ఒప్పుకున్నాడు. దాదాపు నాలుగడుగుల గుండ్రటి చెక్కపలక మీద, నేల మీద కూర్చుని వెనక్కి మెలితిరిగి భుజం మీదుగా బిడ్డను పట్టుకున్న మేరీనీ, వెనక జోసెఫ్‌నూ చిత్రించాడు. ఉఫిజీ మ్యూజియంలో ఇప్పటికీ జనం ఎగబడి చూస్తున్న బొమ్మ అదే.

ఆ తర్వాత జరిగింది చిత్రకారుల జీవితాలు రాసిన వసారి చెబుతాడు.

బొమ్మ పూర్తికాగానే మైకెలాంజెలో దానిమీద గుడ్డ కప్పి, 70 డుకాట్లు (అప్పటి బంగారు నాణేలు) ఇమ్మని చీటీ రాసి, మనిషి చేత పంపించాడు. డోని బొమ్మ చూశాడు. అంతకంటే ఎక్కువే చేస్తుందని లోలోపల తెలుసు. అయినా ఒక బొమ్మకు అంత సొమ్మా అనిపించింది. నలభై చాలునని వచ్చినవాడి చేతిలో పెట్టాడు.

మైకెలాంజెలో ఆ నలభై తాకనైనా తాకలేదు. వంద ఇవ్వు, లేదా నా బొమ్మ నాకు పంపు అని కబురు చేశాడు.

డోనికి గుండె గుభేలుమంది. బొమ్మ వదులుకునే ప్రసక్తే లేదు. సరే, మొదట అడిగిన డెబ్బయ్యే ఇస్తానని దిగొచ్చాడు.

ఆ ధర ఎప్పుడో దాటిపోయింది. నన్ను నమ్మించి బేరానికి దిగావు కనుక మొదట చెప్పినదానికి రెట్టింపు ఇస్తేనే బొమ్మ నీది, అన్నాడు మైకెలాంజెలో.

డోని నోరు మూసుకుని 140 డుకాట్లు లెక్కపెట్టి పంపాడు.

ముప్పై మిగుల్చుకోబోయిన వర్తకుడు డెబ్బై అదనంగా వదిలించుకున్నాడు.