గొలుసు ఇవ్వకండి, ప్రాణం ఇవ్వండి

కత్తి పట్టుకున్నవాడు ఎదురుపడితే ఏం చేయాలని ఏ పోలీసాయన్ని అడిగినా ఒకటే పాట. అడిగింది ఇచ్చేయండి, దూరం జరగండి, సందు దొరికితే పరుగెత్తండి, ఇక వేరే దారే లేనప్పుడు మాత్రం తిరగబడండి. తుపాకీతో జొరబడినవాడి గురించి అమెరికాలో హ్యూస్టన్ నగరం వాళ్ళు 2012లో ఒక వీడియో తీశారు. అందులోనూ వరస ఇదే: పరుగెత్తు, దాక్కో, పోరాడు. బ్రిటన్ పోలీసులైతే మూడోది కూడా కొట్టేసి, పరుగెత్తు, దాక్కో, మాకు చెప్పు అన్నారు. పోరాటాన్ని ఇలా ఆఖరి బంతిలో కూర్చోబెట్టడం పౌరుషం గల జాతికి అవమానం. అందుకని ఆ వరసను తిరగేసి ఈ సలహాలు రాస్తున్నాను. ముందు పోరాడండి. దాక్కోవడం, పరుగెత్తడం సంగతి తర్వాత చూసుకుందాం, అప్పటికి కాళ్ళు మన మాట వింటుంటే.

మన ఊళ్ళలో ఈ ముచ్చట సాధారణంగా తెల్లవారుజామున జరుగుతుంది. మీరు వాకిట్లో ముగ్గు వేస్తుంటారు. బైకు మీద ఇద్దరు వచ్చి ఆగుతారు. ఫలానా వారి ఇల్లెక్కడండీ అని వెనకవాడు చీటీ చూపిస్తాడు. చీటీ వెనక కత్తి ఉంటుంది. వాడికి కావలసింది మీ మెడలో ఉన్న నాలుగు తులాల పుస్తెలతాడు.

ఇక్కడ కంగారు పడకుండా ముందు లెక్క తేల్చుకోండి. తులం బంగారం 2025లో లక్ష దాటింది. అంటే తాడు విలువ నాలుగు లక్షల పైమాటే. మీ విలువ ఎంతో ఇంట్లో ఎవరూ ఎప్పుడూ కట్టి చెప్పలేదు కాబట్టి సున్నా అనుకోవచ్చు. సున్నా కన్నా నాలుగు లక్షలు ఎక్కువ. బతికుంటే బలుసాకు తినొచ్చన్న పెద్దలు ఈ ధరలు ఎరగరు, పైగా బలుసాకు ఇప్పుడు రైతుబజారులో కూడా దొరకడం లేదు. సెంటిమెంటు లెక్క వేరే ఉంది. పుస్తెలతాడు తెగితే ఆయనకు అరిష్టం అంటారు. ఆవిడకు కత్తిపోటు పడితే ఆయనకు శుభమా అని అడిగేవాళ్ళు శాస్త్రం తెలియనివాళ్ళు, వాళ్ళ మాట వినకండి.

కాబట్టి పోరాటం ఖాయం. శిక్షణ సంగతి అడుగుతారా? తెలుగువాడికి వేరే శిక్షణ ఎందుకు? మూడు తరాలుగా టికెట్టు కొనుక్కుని మరీ నేర్చుకున్నాం. పెద్దవాళ్ళకు కత్తి కాంతారావు చాలు. తర్వాతి తరానికి 1989లో ‘శివ’ వచ్చింది, నాగార్జున సైకిలు చైను ఊడలాగి చూపించాడు. మీరూ అదే చేయొచ్చు. వీధిలో ఎవరిదైనా సైకిలు ఉందేమో చూడండి. ఉంటే చైను లాగండి. చైనుకు కవరుంటే స్క్రూడ్రైవరు తెమ్మని ఇంట్లోకి కేకేయండి. సినిమాలో రౌడీలు పదిమంది ఉన్నా వరసలో నిలబడి, ముందువాడు దెబ్బలు తిని ఎగిరిపడ్డాకే రెండోవాడు కదులుతాడు. మీ వాకిట్లో ఉన్న ఇద్దరికీ ఆ క్రమశిక్షణ ఉంటుందనే నమ్మకంతో ముందుకు సాగండి.

సినిమా చాలదనుకునేవాళ్ళకు మహిళా దినోత్సవం నాడు అపార్టుమెంటు సెల్లారులో జరిగే రెండు గంటల ఆత్మరక్షణ శిబిరం ఉంది. అక్కడ కత్తి రబ్బరుది. పొడిచే అబ్బాయి మర్యాదస్తుడు. చెయ్యి మెల్లగా, తిన్నగా, చెప్పిన ఎత్తులోనే చాచి, మీరు మణికట్టు పట్టుకుని మెలిపెట్టేదాకా అలాగే నిలబడతాడు. నిజం దొంగ చెయ్యి చాచి ఉంచడు. పొడిచి వెనక్కి లాక్కుంటాడు, మళ్ళీ పొడుస్తాడు, ఇంకో వైపు నుంచి. ఈ వివరం శిబిరంలో చెబితే సమోసాలు చేదవుతాయని చెప్పరు. మీరు మాత్రం సర్టిఫికెట్టు జేబులో పెట్టుకుని తిరగండి. ఖాళీ చేత్తో కత్తిని అడ్డుకున్నవాళ్ళ అరచేతుల మీదా ముంజేతుల మీదా కోతలు పడతాయి. శవపరీక్ష చేసే డాక్టర్లు వాటిని చూసే, మనిషి ఊరికే చావలేదు, ఎదిరించాడు అని రాస్తారు. మీ పౌరుషానికి ప్రభుత్వ డాక్టరు సంతకంతో దొరికే ధ్రువపత్రం అంటే అదొక్కటే.

ఇక దూరం. 1983లో సాల్ట్ లేక్ సిటీ పోలీసు అధికారి డెన్నిస్ ట్యూలర్ ఒక లెక్క కట్టాడు. కత్తి పట్టుకున్నవాడు 21 అడుగుల దూరం నుంచి ఒకటిన్నర సెకనులో మీద పడగలడట. ఒరలో తుపాకీ ఉన్న పోలీసు దాన్ని తీసి కాల్చడానికి కూడా దాదాపు అంతే పడుతుందట. తుపాకీ ఉన్నవాడికే 21 అడుగులు చాలకపోతే ముగ్గుచిప్ప ఉన్న మనకు ఎన్ని అడుగులు కావాలి? ఈ ప్రశ్న వేసుకున్నవాళ్ళు వెనక్కి నడుస్తారు. మధ్యలో గేటో, కారో, ప్లాస్టిక్ కుర్చీయో ఉండేలా చూసుకుంటారు. మీరు అలాంటి పనులు చేయకండి. రెండడుగులు ముందుకు వేసి, చూపుడువేలు వాడి ముక్కు దగ్గర ఆడిస్తూ ‘ఎవరనుకున్నావురా’ అని మొదలుపెట్టండి. ఒకటిన్నర సెకనులో పట్టే డైలాగు తెలుగులో ఇంతవరకు ఎవరూ రాయలేదు, అయినా ప్రయత్నలోపం ఉండకూడదు.

చదువుకున్నవాళ్ళు చట్టంతో కొట్టాలి. కత్తి కనబడగానే గొంతు సవరించుకుని ఇలా చెప్పండి: ‘అబ్బాయీ, నువ్వు ఉత్తినే గొలుసు లాక్కుపోతే భారతీయ న్యాయ సంహిత 304 కింద మూడేళ్ళ దాకా. ప్రాణాంతకమైన ఆయుధం వాడి దోపిడీ చేశావంటే 311 కింద ఏడేళ్ళకు తగ్గదు. ఆలోచించుకో.’ వాడు కత్తి జేబులో పెట్టుకుని, అంత ఉందా అమ్మా అని తల గోక్కుంటే మీరు గెలిచినట్టు. ఉపన్యాసం మధ్యలో వాడు తొందరపడితే మాత్రం సెక్షన్ల సంఖ్య ఇంకా పైకి పోతుంది, దాన్ని చదవడానికి వేరేవాళ్ళు కావాలి.

ఆయుధాల విషయానికి వద్దాం. పెప్పర్ స్ప్రే గుణగణాలు దేశానికి తెలిసింది 2014 ఫిబ్రవరి 13న, తెలంగాణ బిల్లు పెట్టిన రోజు. లోక్‌సభలో విజయవాడ ఎంపీ లగడపాటి రాజగోపాల్ స్ప్రే కొట్టారు. అటువాళ్ళూ ఇటువాళ్ళూ అని చూడకుండా సభ సభంతా దగ్గింది, కొందరు ఎంపీలను ఆసుపత్రికి తీసుకెళ్ళారు. నాలుగు గోడల మధ్య కొడితే అది పార్టీలు చూడదు. ఆరుబయటైతే గాలివాటం చూడాలంటారు. మీరు చూడకండి, ఎదురుగాలికి కొట్టండి, కళ్ళు మూసుకుపోతే భయం కూడా కనపడదు. డబ్బా మీద గడువు తేదీ ఉంటుంది, దాన్ని చదివే అలవాటు మందుబిళ్ళల విషయంలోనే మనకు లేదు కదా. అన్నిటికన్నా ముఖ్యం, స్ప్రేని హ్యాండుబ్యాగులో అట్టడుగున పెట్టండి. దాని మీద దువ్వెన, తాళాలగుత్తి, గొడుగు, కరెంటు బిల్లు, గుళ్ళో ఇచ్చిన పులిహోర పొట్లం. దొంగని ఒక్క నిమిషం ఆగమని అడిగితే ఆగుతాడు, వాడికీ అమ్మ ఉంటుంది, బ్యాగులో వెతకడం ఎంతసేపో తెలుసు.

డబ్బున్నవాళ్ళు తుపాకీ కొనుక్కోవచ్చు. 2014లోనే కాన్పూరు ఆయుధ కర్మాగారం ఆడవాళ్ళ కోసమని ‘నిర్భీక్’ అనే .32 రివాల్వరు తయారుచేసింది. బరువు అరకిలో. ధర లక్షా ఇరవై రెండు వేల పైచిలుకు. అప్పటి బంగారం ధరతో చూస్తే నాలుగు తులాల గొలుసును కాపాడుకోవడానికి మరో నాలుగు తులాల గొలుసు పెట్టాలన్నమాట. 1959 నాటి ఆయుధాల చట్టం ప్రకారం లైసెన్సు కావాలి. దరఖాస్తు, పోలీసు విచారణ, మీకు ప్రాణభయం ఎవరివల్ల అని ప్రశ్నలు, చాలా కాలం పడుతుంది. ఈలోగా దొంగ ఆగాలి. తుపాకీ చేతికొచ్చాక పిల్లలకు అందకుండా బీరువాలో, గుళ్ళు విడిగా, తాళం ఇంకోచోట. వాకిట్లో ఉన్నవాడికి కాఫీ ఇచ్చి కూర్చోబెట్టండి.

ఇదంతా వెటకారం అనుకునేవాళ్ళు బేగంపేట సంగతి ఎత్తుతారు. ఎత్తవలసిందే. 2024 మార్చిలో హైదరాబాదులో కొరియర్ వాళ్ళమని చెప్పి ఇద్దరు ఒక ఇంటికి వచ్చి నాటు తుపాకీ, కత్తి తీశారు. ఇంట్లో ఉన్న తల్లీ కూతుళ్ళు తిరగబడ్డారు, తుపాకీ లాగేసుకున్నారు, దొంగలిద్దరూ పోలీసులకు దొరికారు. పోలీసు అధికారులు ఇంటికి వెళ్ళి సన్మానించారు. వీడియో ఊరంతా చూసింది. ఆ వీడియోను మీరు పదిసార్లు చూడండి. తల్లికి తైక్వాండోలో శిక్షణ ఉందన్న వాక్యం వార్తలో వస్తుంది, అక్కడ మాత్రం దాటేయండి. దొంగ ఇంట్లోకే వచ్చి తుపాకీ గురిపెట్టాక, చెప్పినట్టు వింటే ప్రాణం దక్కుతుందన్న నమ్మకం పోయాక చేసిన పని అది. పోలీసులు ఆఖరి దారి అని ఏ సందర్భాన్ని అంటారో అదే. ఆ తేడా గమనించారంటే రేపు బస్టాండులో సెల్‌ఫోను కోసం కత్తి తీసినవాడితో కలబడడానికి మీకు ఊపు రాదు.

ఒకవేళ నిజంగా ఆ ఆఖరి దారే మిగిలితే ఏం చేయాలో కూడా తెలిసినవాళ్ళు చెబుతారు, వినడానికి ఎంత చప్పగా ఉంటుందో చూడండి. గొంతు చించుకుని అరవాలట. చేతిలో ఏది ఉంటే అది, బ్యాగో కుర్చీయో, కత్తికీ ఒంటికీ మధ్య పెట్టాలట. మరీ మీద పడితే కత్తి ఉన్న చేతినే రెండు చేతులతో పట్టుకుని వదలకూడదట. వాడు తూలిన క్షణాన ఇంకో దెబ్బ వేయడానికి ఆగకుండా పారిపోవాలట. పాట లేదు, స్లో మోషన్ లేదు, క్లైమాక్సులో హీరో వీపు చూపించి పరుగు. ఏ నిర్మాత ఒప్పుకుంటాడు?

సరే, అదృష్టం బాగుండి మీరే గెలిచారనుకుందాం. కత్తి కాలవలో పడింది, దొంగ కిందపడ్డాడు, వీధివాళ్ళు లేచారు, కరెంటు స్తంభానికి కట్టేశారు. ఇప్పుడు చట్టం మళ్ళీ తెరవండి, కానీ సగమే చదవాలి. న్యాయ సంహిత 34వ సెక్షను ఆత్మరక్షణ కోసం చేసింది నేరం కాదంటుంది. 38వది, ప్రాణం పోతుందనో, తీవ్రంగా గాయపరుస్తాడనో, యాసిడ్ పోస్తాడనో న్యాయమైన భయం ఉంటే ఎదుటివాడి ప్రాణం తీసే దాకా కూడా హక్కు ఉంటుందంటుంది. ఆ క్షణంలో కొట్టిన దెబ్బను త్రాసులో పెట్టి తూచనక్కర్లేదని సుప్రీంకోర్టు కూడా చెప్పింది. ఇక్కడ పుస్తకం మూసేయండి. మధ్యలో 37 ఉంది, రక్షణకు అవసరమైనంతకు మించి హాని చేయకూడదంటుంది. 40 ఉంది, భయం ఉన్నంతసేపే ఆ హక్కు అంటుంది. స్తంభానికి కట్టేసినవాడి వల్ల ఎవరికీ భయం లేదు కాబట్టి ఆ తర్వాత పడే ప్రతి దెబ్బా కొత్త కేసు. అందులో నిందితులు మీరు, మూడో అంతస్తు మాస్టారు, అసలేం జరిగిందో తెలియకుండా దారిన పోతూ రెండు వేసిపోయిన పాలబ్బాయి. నిన్నటి దాకా పలకరింపులు లేని వీధిని ఒకే చార్జిషీటులో కలిపే అవకాశం మళ్ళీ రాదు.

ఓడిపోయి కత్తి ఒంట్లో దిగబడి ఉంటే, సినిమాలో హీరో దాన్ని పళ్ళు బిగించి లాగి పారేస్తాడు కదా. 108 అంబులెన్సు వాళ్ళు మాత్రం దాన్ని లాగనివ్వరు. చుట్టూ గుడ్డలు పెట్టి, కదలకుండా కట్టి, కత్తితో సహా ఆసుపత్రికి తీసుకెళ్తారు. తెగిన నెత్తురునాళాన్ని ఆ కత్తే అదిమి పెట్టి ఉండొచ్చట. 2005 నుంచి తిరుగుతున్న బండ్లు, ఇప్పటికీ సినిమాలు చూసి మారలేదు.

ఈ సలహాలు మింగుడుపడని పిరికివాళ్ళు కొందరు ఉంటారని తెలుసు. గొలుసు తీసి వాడి చేతికి కాదు, పక్కకి విసురుతారు, వాడు అటు తిరగ్గానే ఇటు పరుగు తీస్తారు. గేటు లోపలికి వెళ్ళి తలుపేసుకుని 112కి ఫోను చేస్తారు. చొక్కా రంగు, బండి నంబరులో గుర్తున్న రెండంకెలు, ఎటు పోయారో చెబుతారు. మా పరిధి కాదని స్టేషనులో ఎవరైనా అంటే, ఏ స్టేషనులోనైనా ఫిర్యాదు తీసుకోవాలని భారతీయ నాగరిక సురక్షా సంహిత 173లో ఉందని గుర్తుచేస్తారు. గొలుసు దొరకొచ్చు, దొరక్కపోవచ్చు. దొంగ దొరికిన రోజున గుర్తుపట్టడానికి రమ్మని కబురొస్తే వెళ్ళడానికి వాళ్ళుంటారు.