భాగోతం బయటపడింది

మొన్నొక సాంస్కృతికోత్సవానికి వెళ్ళాను. ముఖ్య అతిథిగారు రెండు గంటలు ఆలస్యంగా దయచేసి, మైకు అందగానే ప్రతిపక్షం మీద పడ్డారు. వాళ్ళవన్నీ వీధి భాగోతాలన్నారు. తోలుబొమ్మలన్నారు, పగటివేషగాళ్ళన్నారు, చిందులు తొక్కితే చూస్తూ ఊరుకోమన్నారు. మంచినీళ్ళు తాగి, గొంతు సవరించుకుని, ‘మన సంస్కృతిని మనమే కాపాడుకోవాలి’ అన్నారు. తెర వెనక ముఖానికి అర్దళం పూసుకుని, కిరీటం ఒళ్ళో పెట్టుకుని, సాయంత్రం నుంచి టీ నీళ్ళతో గడుపుతున్న భాగవతులు చప్పట్లు కొట్టారు. కొట్టకేం చేస్తారు, చెక్కు ఇంకా చేతికి రాలేదుగా!

అతిథిగారినని లాభం లేదు. మన నోళ్ళే అలా తిరిగాయి. భాగవతం జనం నోట నలిగి భాగోతం అయిందంటే సరే, చనువు అనుకుందాం. ఇప్పుడు చెరువు కబ్జా బయటపడితే పేపర్లో ‘ఫలానావారి భాగోతం’. సత్యభామ వేషం కట్టి తెల్లవార్లూ ఆడినవాడికీ, తెల్లవారేలోగా చెరువు పూడ్చినవాడికీ ఒకటే మాట. పరువునష్టం దావా వేయాల్సింది సత్యభామ.

చేతగాని నాయకుణ్ణి తోలుబొమ్మ అంటాం. ధర్మవరం దగ్గర నిమ్మలకుంట వెళ్ళి చూడండి. మేకతోలును వెలుగు దూరేదాకా గీకి, ఆరబెట్టి, సన్నటి చిల్లులు కొట్టి, రంగులద్దితే గానీ బొమ్మ తెర ఎక్కదు. అంత తయారై తెరెక్కిన నాయకుణ్ణి నేనైతే చూడలేదు. ఆ ఊళ్ళో దళవాయి చలపతిరావుగారికి 2020లో పద్మశ్రీ ఇచ్చాం. ఆట చూసేవాళ్ళు కరువై ఆ తోలుతోనే ల్యాంప్‌షేడ్లు చేసుకుంటున్నారు, అది వేరే సంగతి.

బుర్రకథ గతి ఇంకా చిత్రం. కథకుడికి అటొకరు, ఇటొకరు వంతలు. ఒకరిది హాస్యం, ఒకరిది రాజకీయం. 1940లలో బుర్రకథకుడు నాజర్ దళం ఆ రాజకీయంతోనే జనాన్ని కదిలించింది. ఇప్పుడు రాజకీయంలో కథకుడు లేడు, అటూ ఇటూ అంతా వంతలే. కానీ ‘బుర్రకథలు చెప్పకు’ అని కసురుకునేది ఎవరిని? అప్పు తీర్చలేక నసిగేవాణ్ణి.

మా ఆవిడ అష్టోత్తరం చదివిందంటే తిట్టిందని మీకు తెలుసు. దండకం చదివినా అంతే. అయినా ఆ మాటలతో పూజారిగారి పరువుకు వచ్చిన లోటేమీ లేదు. ఆయన్ని ‘ఒరే అష్టోత్తరం’ అని ఎవరూ పిలవరు. బుట్టా కర్రా పట్టుకుని ఇంటింటికీ తిరిగి చెయ్యి చూసిన ఎరుకలామె చెప్పింది మాత్రం సోది అయిపోయింది. పొద్దున్నే టీవీలో పట్టుపంచె కట్టుకున్నాయన పన్నెండు రాశుల జాతకం అరగంటలో తేల్చేస్తే అది సోది కాదు, రాశిఫలాలు. పరువు కూడా కులం చూసుకునే దిగుతుందన్నమాట.

ఇక సంస్కృతి. ఆ మాటకు మట్టి అంటదు, నిఘంటువులో ఇస్త్రీ చొక్కాలా ఉంటుంది. దాన్ని తీసి మనం దేనికి తొడుగుతున్నాం? పబ్బు సంస్కృతి, ఫ్లెక్సీ సంస్కృతి, కమీషన్ల సంస్కృతి, ఫిరాయింపుల సంస్కృతి. తప్పతాగి కారు ఎక్కించినవాడిది సంస్కృతి, చిందు యక్షగానం ఆడేవాడివి చిందులు. ఆటల పేర్లు దొంగలకిచ్చి, సంస్కృతి పేరు పబ్బుకి రాసిచ్చాక, సాంస్కృతిక శాఖకు మిగిలింది శాలువా ఒక్కటే. అదీ బిల్లు పాసైతేనే.

ఆ రాత్రి ఆట పదకొండుకి మొదలైంది. అతిథిగారు శాలువాలు కప్పి ఫొటో దిగి అప్పటికే వెళ్ళిపోయారు. పన్నెండుకల్లా మైకువాడు తీగలు చుట్టేశాడు. సత్యభామ జడ విప్పుకుంటుంటే గుమ్మంలోంచి ఒక గుమాస్తా కేకేశాడు: “ఏయ్ భాగోతాలోళ్ళూ, చెక్కు సోమవారం వచ్చి పట్టుకుపోండి!”

నిఘంటువు అర్థంలో పిలిచాడో, పేపరు అర్థంలో పిలిచాడో అడుగుదామని నేను లేచేలోపే, సగం తుడిచిన అర్దళంతో ముసలి భాగవతులవారు లేచి నిలబడి “అట్టాగే బాబూ” అన్నారు.